దొంగిలించిన ఆట, దయచేసిన ఆట

సాహిత్య విమర్శకు కేటాయించిన పేజీల్లో ల్యాప్‌టాప్ ఆటల ప్రస్తావన ఎందుకని కొందరు మిత్రులు అడగవచ్చు. పనిచేసే మనిషిని గురించి రాయడం తన బాధ్యతగా భావించే సాహిత్యం, ఆ మనిషి పని ఆపిన పది నిమిషాల్లో ఏం చేస్తాడో కూడా తెలుసుకోవలసి వుంటుంది. నాట్లేసే స్త్రీల పాటను, బీడీలు చుట్టేచోటి కబుర్లను, మిల్లు గేటు ముందరి టీ బడ్డీని మన కథకులు పట్టించుకున్నారు. శ్రమ స్వభావం విరామంలో ఎంత స్పష్టంగా బయటపడుతుందో వారికి తెలుసు. అదే చూపును ఇవాళ కోకాపేట అద్దాల మేడలవైపు తిప్పవలసిన అవసరం వుంది.

నేను తెలుగు చెప్పే ప్రభుత్వ పాఠశాల కోకాపేటకు దగ్గరలోనే వుంది. 2021 జూలైలో ఇక్కడి నియోపొలిస్ లేఅవుటులో హైదరాబాదు మహానగరాభివృద్ధి సంస్థ వేసిన వేలంలో ఎకరా అత్యధికంగా 60 కోట్ల 20 లక్షలు పలికింది. 2023 ఆగస్టు 3న జరిగిన వేలంలో అది 100 కోట్ల 75 లక్షలకు చేరింది. అంత ధర పలికే నేలమీద పిల్లలు గోళీలాడుకునే మట్టి మిగలదు, పెద్దలు కూచునే అరుగూ మిగలదు. మిగిలేది ఒడిలో పెట్టుకున్న తెర ఒక్కటే. నా దగ్గర పదో తరగతి దాకా చదివి, ఇప్పుడు గచ్చిబౌలిలోనూ నానక్‌రాంగూడలోనూ ఉద్యోగాలు చేస్తున్నవాళ్లు అప్పుడప్పుడు కలుస్తుంటారు. వాళ్లు చెప్పిందీ, వాళ్ల పక్కన కూచుని నేను చూసిందీ, చదివి తెలుసుకున్నదీ కలిపి ఇక్కడ చర్చకు పెడుతున్నాను.

1. ఆట జరిగే తీరు

ముందుగా విషయం ఏమిటో చెప్పుకోవాలి. కంప్యూటరులో ఒక ఆటను ఎక్కించుకుని ఒంటరిగా ఆడటం వేరు, చాట్ యాప్‌లో నలుగురు మిత్రులు కలిసి ఆడటం వేరు. ఈ రెండో దానిలో ఆట అనేది సాధారణంగా ఒక వెబ్ పేజీ. మిత్రులు మాట్లాడుకుంటున్న కిటికీలోపల మరొక చిన్న కిటికీగా అది తెరుచుకుంటుంది. గదిలో ఎవరెవరున్నారో చాట్ యాప్ ఆటకు చెపుతుంది. ఎవరు ఏ ఎత్తు వేశారో, ఎవరికి ఎన్ని మార్కులో ఎక్కడో దూరాన వున్న సర్వరు గుర్తుపెట్టుకుని అందరి తెరలమీదా ఒకేలా చూపిస్తుంది. కొనవలసిందీ, ఎక్కించుకోవలసిందీ ఏమీ వుండదు. నేర్చుకోవడానికి రెండు నిమిషాలు చాలు. బొమ్మ గీసి పదం చెప్పించడం, అక్షరాలు కలిపి మాట కట్టడం, చదరంగం, లూడో, పేకాట వంటివి వీటిలో ముఖ్యమైనవి.

ఇది నిన్నమొన్న పుట్టింది కాదు. యాహూ మెసెంజర్ కాలంలోనే మాట్లాడుకుంటూ ఆడుకునే ఏర్పాటు వుండేది. యాహూ ఆటలు 2016లోనూ, ఆ మెసెంజర్ 2018 జూలైలోనూ మూతపడ్డాయి. 2016లోనే టెలిగ్రామ్ తన చాట్‌లోకి ఆటలను తెచ్చింది. అదే ఏడాది నవంబరులో ఫేస్‌బుక్ తన మెసెంజర్‌లో తక్షణం తెరుచుకునే ఆటలను ప్రవేశపెట్టింది. 2015లో మొదలైన డిస్కార్డ్ తరవాతి కాలంలో మాటల గదుల్లోనే చదరంగాన్నీ, బొమ్మలాటనూ, పదాల ఆటనూ కలిపింది. 2020 లాక్‌డౌనులో మనదేశంలో లూడో కింగ్ ఇంటింటికీ చేరింది. మన పచ్చీసే 19వ శతాబ్ది చివర ఇంగ్లండులో లూడోగా రూపం మార్చుకుంది. అదే తిరిగి మన తెరమీదికి వచ్చిందని సాహిత్య విద్యార్థులు గమనించాలి. ఆటలకు కూడా వలసల చరిత్ర వుంది.

ఈ ఆటల్లో రెండు రూపాలున్నాయి. ఒకటి, అందరూ ఒకే వేళకు కూచుని ఆడేది. రెండు, వంతులవారీగా సాగేది. ఇవాళ పొద్దున నేను ఒక ఎత్తు వేస్తే, మీరు సాయంత్రం బస్సులో మరొక ఎత్తు వేస్తారు. మధ్యలో "నీ వంతు" అనే కబురు మాత్రం వస్తుంది. చూడటానికి ఇది సాంకేతికమైన తేడా. లోతుగా పరిశీలిస్తే దీనివెనక పని స్వభావం వుంది. నా పాత విద్యార్థి ఒకడు కోకాపేటలో ఒక మేడలో వుంటాడు. శనివారం రాత్రి తొమ్మిదింటికి అరగంట తనదేనని అతనికి తెలుసు. అందుకని అతనిది ఒకే వేళకు అందరూ కలిసే ఆట. ఆ మేడ కింద కాపలా కాసే యువకుడు వేరే రాష్ట్రంనించి వచ్చినవాడు. వరసగా పది నిమిషాలు తనవని అతను చెప్పుకోలేడు. గేటు తీయాలి, కార్ల నెంబర్లు రాయాలి. అతను సొంతూరి మిత్రుడితో ఫోనులో ఆడే లూడో రెండు రోజులు సాగుతుంది. ముక్కలైన సమయానికి ముక్కలైన ఆట. పని రూపమే ఆట రూపాన్ని నిర్ణయిస్తుందనడానికి ఇంతకన్న నిదర్శనం అక్కరలేదు.

2. తీసివేసిన మీట

ఆఫీసు కంప్యూటరులో ఆటకు ఒక ఆసక్తికరమైన చరిత్ర వుంది. 1990లో మైక్రోసాఫ్ట్ విండోస్ 3.0తో పాటు సాలిటేర్ అనే పేకాట వచ్చింది. దాన్ని రాసినవాడు వెస్ చెర్రీ. అప్పుడతను ఆ సంస్థలో శిక్షణలో వున్న కుర్రవాడు. కోట్లాది కంప్యూటర్లలో చేరిన ఆ ఆటకు అతనికి రాయల్టీ ముట్టలేదు. మౌస్ పట్టుకుని బొమ్మలను ఈడ్చడం ఉద్యోగులకు అలవాటు చేయడానికి ఆ ఆట పనికివచ్చింది. అంటే ఆట రూపంలో అది పనికి శిక్షణ! చెర్రీ అందులో ఒక మీట కూడా పెట్టాడు. అధికారి అటువైపు వస్తే ఆ మీట నొక్కగానే పేకముక్కలు మాయమై ఆఫీసు లెక్కల పట్టిక వంటిది తెరమీదికి వస్తుంది. సంస్థ ఆ మీటను తీసివేయించింది. ఆట వుండవచ్చు, దాన్ని దాచుకునే హక్కు మాత్రం వుండకూడదన్నమాట.

2006లో న్యూయార్క్ మేయరు మైకేల్ బ్లూంబర్గ్, తమ నగర పాలక సంస్థ ఉద్యోగి తెరమీద సాలిటేర్ కనిపించిందని అతన్ని ఉద్యోగంనించి తొలగించారు. 2022 నవంబరులో మైక్రోసాఫ్ట్, ఉద్యోగులు పనివేళల్లో మాట్లాడుకునే టీమ్స్ యాప్‌లోనే ఆడుకోవడానికి ఒక ఆటల సంపుటిని ప్రకటించింది. అందులో సాలిటేర్ వుంది, మైన్‌స్వీపర్ వుంది, అక్షరాల ఆట వుంది, ఒకరినొకరు పరిచయం చేసుకునే ప్రశ్నలాట వుంది. ఏ పేకాటకు ఒకచోట మనిషి ఉద్యోగం పోయిందో అదే పేకాట పదహారేళ్ల తరవాత పని యాప్‌లో గౌరవస్థానంలో కూచుంది. మధ్యలో ఏం మారింది?

ఈ ప్రశ్నకు ఆ ప్రకటనతో పాటు ఉదహరించిన ఒక పరిశోధనలో సమాధానం దొరుకుతుంది. అమెరికాలోని బ్రిగమ్ యంగ్ విశ్వవిద్యాలయం 2019లో వెల్లడించిన ఫలితాలవి. కొత్తగా ఏర్పడిన జట్లు 45 నిమిషాలు కలిసి వీడియో ఆట ఆడితే తరవాతి పనిలో వాటి ఉత్పాదకత 20 శాతం పెరిగింది. ఆ పరిశోధనలోనే మరొక అంశం వుంది. తమ మధ్య ఐక్యతాభావం ఎక్కువ పెరిగిందని చెప్పినవారు ఆట ఆడినవారు కారు, లక్ష్యాల గురించి శిక్షణ పొందినవారు. ఆట ఆడినవారిలో పెరిగింది పని. యాజమాన్యానికి ఆటమీద మమకారం ఎందుకు కలిగిందో ఇక్కడ తేటతెల్లమవుతుంది. ఆటవల్ల స్నేహం పెరిగిందా లేదా అన్నది దాని లెక్కలో రెండో విషయం.

అయితే ఒక మాట న్యాయంగా చెప్పాలి. పేకముక్క కనిపించినందుకు ఉద్యోగం పోయే రోజులకన్న ఇప్పటి పరిస్థితి ఉద్యోగికి మెరుగే. దొంగిలించి ఆడిన ఆటనంతా తిరుగుబాటుగా కీర్తించడం కూడా అతిశయోక్తి అవుతుంది. చెప్పదలచుకున్నది ఇంతే. దొంగిలించిన ఆటలో సమయం చిన్నదైనా ఉద్యోగిది. దయచేసిన ఆటలో సమయం సంస్థది, ఆటగాడు దానికి అతిథి.

3. పిలిచిన జూదం

మన సాహిత్యంలో ఆటకు సంబంధించిన మహాఘట్టం సభాపర్వంలోని జూదం. నన్నయ తెలుగు చేసిన ఆ కథను మనం ధర్మం, విధి, స్త్రీ అవమానం అనే కోణాల్లో పాఠాలుగా చెపుతాం. మరొక కోణం కూడా వుంది. ఆటకు పిలిస్తే రానని అనకూడదన్నది ధర్మరాజు నియమం. పిలిచినవాడు సింహాసనంమీద వున్నాడు. సభ అతనిది, పాచికలు అతని పక్షానివి. కాదనడానికి వీల్లేని పిలుపుమీద మొదలైన ఆట ఎంతమాత్రం ఆట కాదని ఆ ఘట్టం చెపుతోంది.

ఈ కోణంనించి ఆఫీసుల్లో జరిగే శుక్రవారపు వినోదాన్ని చూడండి. ఒక సంస్థలో సహాయ విభాగంలో పనిచేసే అమ్మాయి నాతో ఇలా అన్నది: "రాకుంటే ఏమనరు సార్. కానీ రాలేదని అందరికీ తెలుస్తది." ఈ రెండు వాక్యాల్లో ఒక కథకు కావలసిన సంఘర్షణ అంతా వుంది. బలవంతం లేదు, గమనింపు వుంది. మేనేజరు వేసిన బొమ్మ ఏమిటో ముందే తెలిసినా కాసేపు తెలియనట్టు నటించిన సంగతి కూడా ఆమె నవ్వుతూ చెప్పింది. ఆ ఆటలో ఆమె పని మానలేదు. మరొక రకం పని చేసింది.

ఇక చాట్ యాప్ స్వభావం ఈ గమనింపుకు తగినట్టే వుంటుంది. పేరు పక్కన ఆకుపచ్చ చుక్క వుంటే మనిషి వున్నట్టు. కొద్దినిమిషాలు మీటలు కదపకపోతే చుక్క పసుపు రంగుకు మారుతుంది. 2024లో అమెరికాలోని వెల్స్ ఫార్గో బ్యాంకు, కీబోర్డు పనిచేస్తున్నట్టు భ్రమ కల్పించారన్న ఆరోపణపై పన్నెండుమందికి పైగా ఉద్యోగులను తొలగించింది. అప్పట్లో తీసివేసిన మీటను మనుషులు ఏదో రూపంలో మళ్లీ తయారుచేసుకుంటున్నారన్నమాట. సంస్థ ఇచ్చిన ఒకే ల్యాప్‌టాప్‌లో పై అధికారి కబురు, మిత్రుడి ఎత్తు ఒకే రకం టింగుమనే చప్పుడుతో వస్తాయి. చప్పుడు వినగానే గుండె ఒకసారి ఆగి, ఏది వచ్చిందో చూసుకున్నాక మళ్లీ కొట్టుకుంటుంది. పనికీ తీరికకూ నడుమ వుండిన గోడ ఎంత పలచబడిందో ఆ క్షణం చెపుతుంది.

8 గంటల పనిదినం కోసం 1886లో షికాగో కార్మికులు చేసిన పోరాటం ఈ గోడకోసమే. 2025 జూలైలో తెలంగాణ ప్రభుత్వం, దుకాణాలు మినహా వాణిజ్య సంస్థల్లో రోజుకు 10 గంటల పనిని అనుమతిస్తూ, వారానికి 48 గంటలు దాటితే అదనపు వేతనం ఇవ్వాలని ఉత్తర్వు వెలువరించింది. గంటల సంఖ్యమీద వాదం ఎప్పుడూ వుంటుంది. ఏ గంట ఎవరిదో తేల్చి చెప్పలేని స్థితి మాత్రం కొత్తది. కొత్త కథకు ఇది ముడిసరుకు.

4. డబ్బు పెట్టని ఆట

ఇక్కడ పాఠకులకు ఒక విషయం స్పష్టం చేయాలి. నేను మాట్లాడుతున్నది పందెపు ఆటల గురించి కాదు. 1974 నాటి జూద నిరోధక చట్టాన్ని 2017లో సవరించి తెలంగాణ ఆన్‌లైన్ రమ్మీ వంటి పందెపు ఆటలను నిషేధించింది. 2025 ఆగస్టులో పార్లమెంటు ఆమోదించిన ఆన్‌లైన్ ఆటల చట్టం డబ్బుతో ఆడేవాటిని నిషేధించి, సరదా ఆటలను వాటినించి వేరుచేసి చూసింది. ఈ విభజన అవసరమైనదే. పందెపు ఆటలు ఎన్ని కుటుంబాలను కూల్చాయో బడిలో పిల్లల ముఖాలు చూస్తే మాకు తెలుస్తుంది.

అయితే డబ్బు పెట్టని ఆట ఉచితమైన ఆటేనా? ఆట మధ్యలో వచ్చే ప్రకటన, "మిత్రుడిని పిలిస్తే అదనపు ప్రాణం" అనే ఆశ, రోజూ రాకపోతే తెగిపోయే వరస — ఇవన్నీ ఆటగాడి శ్రద్ధను సరుకుగా మార్చే ఏర్పాట్లు. ముఖ్యంగా రెండోదాన్ని చూడండి. మిత్రుడిని ఆటకు పిలవడం స్నేహంలో సహజమైన పని. అదే పనికి ప్రతిఫలం కట్టినప్పుడు ఆ పిలుపు సగం వ్యాపార ప్రకటన అవుతుంది. పరాయీకరణ అనే మాటను మనం కర్మాగారానికి పరిమితం చేసి వాడుతున్నాం. స్నేహపు పిలుపు తనకు తెలియకుండా మరొకరి లాభం కోసం పనిచేయడం కూడా దానికిందికే వస్తుంది.

5. ఎవరి మాటలు

ఇంతవరకు చెప్పింది వింటే, ఈ ఆటలన్నీ యువతను నిద్రపుచ్చే సాధనాలనే తీర్పు ఇవ్వడం సులభం. పెద్దలు సాధారణంగా ఆ తీర్పే ఇస్తారు. నేను చూసిన ఒక సంగతి ఆ తీర్పుకు లొంగదు.

పైన చెప్పిన శనివారపు జట్టులో అయిదుగురు మిత్రులున్నారు. ఒకరు కోకాపేటలో, ఒకరు బెంగుళూరులో, ఒకరు న్యూజెర్సీలో, మిగిలిన ఇద్దరు నగరంలోనే వేర్వేరు చోట్ల. వాళ్లాడేది బొమ్మ గీసి పదం చెప్పించే ఆట. ఆట ఇచ్చే పదాలన్నీ ఇంగ్లీషువి. వాటిలో మంచుమనిషి వున్నాడు, పిడత లేదు. ఆ ఆటలో సొంత పదాల జాబితా పెట్టుకునే వీలు వుంది. అయిదుగురూ తలా పది మాటలు రాసి అందులో వేశారు. ఇసుర్రాయి, గోలెం, తట్ట, గుమ్మి, కందిలి. తెలుగు మాటలే అయినా టైపు చేసేది ఇంగ్లీషు అక్షరాల్లోనే. గుమ్మి బొమ్మ గీసినప్పుడు నగరంలో పెరిగిన అమ్మాయి "నీళ్ల ట్యాంకు" అని కొట్టింది. మిగిలినవాళ్లు నవ్వారు. గీసిన కుర్రవాడు ఆట ఆపి, తన తాత ఇంట్లో వడ్లు పోసే గుమ్మి ఎంత ఎత్తుండేదో, అందులో దిగి దాక్కున్నందుకు ఎన్ని దెబ్బలు తిన్నాడో చెప్పాడు. ఆ పూట మళ్లీ ఆట మొదలుకాలేదు. ఇన్ని తంటాలు ఎందుకని అడిగితే అతనన్నాడు: "గెల్సుడు గాదు సార్. ఊకె ఫోన్ చేస్తే ఏం మాట్లాడాల్నో తెలుస్తలేదు. ఇదొక సాకు."

ఈ సాకు చిన్నదేమీ కాదు. కన్యాశుల్కంలో మధురవాణి ఆడే పేకాటను గుర్తుతెచ్చుకోండి. ఆ రంగంలో ముక్కలకన్న ముక్కల మధ్య దొర్లే మాటలు ముఖ్యం. చేతులు పేకలో వుంటేనే నోళ్లు తెరుచుకుంటాయి. పోలిశెట్టి గుణం, సిద్ధాంతి గుణం ఉపన్యాసంలో బయటపడేవి కావు. ఆటను మాటలకు పందిరిగా వాడుకోవడం గురజాడకు తెలుసు. 2020ల నాటి మిత్రులు తెలియకుండానే అదే పని చేస్తున్నారు.

భాషకు సంబంధించిన చిక్కు మరొకటి వుంది. అక్షరాల ఆటలు ఒక గడికి ఒక అక్షరం అనే ఇంగ్లీషు పద్ధతిమీద నడుస్తాయి. తెలుగులో 'స్త్రీ' ఒకే అక్షరం. కంప్యూటరు లిపి సంకేతాల్లో అది స, పొల్లు, త, పొల్లు, ర, దీర్ఘ గుడి — మొత్తం 6 సంకేతాలు. గడిని సంకేతంతో కొలిస్తే మన అక్షరం ముక్కలవుతుంది. అక్షరంతో కొలిస్తే గుణింతాలు, వత్తులు కలిసి ఆట వేలాది అక్షరాలదవుతుంది. దీన్ని తెలుగు లోపంగా చూడటం పొరపాటు. అక్షరాలతో ఆడుకోవడం మనకు కొత్త కాదు. అవధానంలో నిషిద్ధాక్షరి పృచ్ఛకుడు ఒక్కొక్క అక్షరాన్నీ అడ్డుకుంటుంటే కవి మరొక దారి వెతుక్కుంటాడు. ఇద్దరి మధ్య అప్పటికప్పుడు, వంతులవారీగా సాగే ఆట అది. తిరుపతి వేంకట కవులు ఊరూరా తిరిగి జనంముందు ఆడి చూపించారు. ఛందస్సు భారం తగ్గించి ఆ సూత్రాన్ని నలుగురు మిత్రుల ఆటగా మలచగలిగితే, అది వాళ్ల నోటిమాటలకు ఒక చోటు చూపిస్తుంది. భాషా విద్యార్థులు, కంప్యూటరు తెలిసినవారు కలిసి చేయవలసిన పని ఇది.

6. రచయిత అడగవలసినవి

సాఫ్టువేర్ జీవితంమీద నేను చదివిన తెలుగు కథల్లో ఇంటి అప్పు వుంది, విడాకులు వున్నాయి, వీసా వుంది, ఊళ్లో ఒంటరిగా మిగిలిన తల్లిదండ్రులు వున్నారు. ఇవన్నీ నిజాలే. ఆ పాత్రలు నవ్వే చోటు మాత్రం అరుదుగా కనిపిస్తుంది. తీరిక లేని పాత్ర సగం పాత్రే. కష్టాన్ని మాత్రమే చూపించి మనిషిని చూపించామనుకోవడం యాంత్రిక వాస్తవికత.

ఆటను కథలోకి తెచ్చే రచయిత మూడు ప్రశ్నలు వేసుకుంటే చాలునని నా అభిప్రాయం. ఆటకు ఎవరు పిలిచారు? ఆ సమయం ఎవరిది? ఆటలో దొర్లుతున్న మాటలు ఎవరివి? శుక్రవారం ఆఫీసు ఆటకూ శనివారం రాత్రి ఆటకూ తెరమీద తేడా కనిపించకపోవచ్చు. ఒకే బొమ్మలాట, ఒకే నవ్వు గుర్తులు. ఈ మూడు ప్రశ్నలకు వచ్చే సమాధానాల్లో తేడా అంతా వుంటుంది. ఒకచోట అమ్మాయి తెలిసిన జవాబును దాచుకుంటోంది. మరొకచోట కుర్రవాడు తాత ఇంటి గుమ్మిని బయటికి తీస్తున్నాడు.

మన పల్లెల్లో రచ్చబండల మీద, గుడి మండపాల రాళ్లమీద పులిజూదం గీతలు ఇప్పటికీ కనిపిస్తాయి. 3 పులులు, 15 మేకలు. బలాలు సమానం కావని ఆ ఆట మొదటే ఒప్పుకుంటుంది. ఒంటరి మేక పులికి ఆహారమే. మేకలన్నీ దగ్గర దగ్గరగా నిలిచి దారులు మూస్తేనే పులి కదలలేదు. ఆ గీతలు గీసినవారి పేర్లు మనకు తెలియవు. వారు తమ తీరికలో తమ లోకాన్ని రాతిమీద రాసిపెట్టారు. తెరమీది ఆట రాతిమీది గీతలా నిలవదు, సర్వరు ఆగితే ఆ రాత్రే మాయమవుతుంది. ఆ అయిదుగురి మాటలు నిలవాలంటే ఎవరో ఒకరు విని రాయాలి.